ఒప్పుకోలు, నవల, చరిత్ర: ఫిలిప్ మెడోస్ టేలర్ జీవితం - రచనలు

1839లో లండన్‌లో మూడు సంపుటాలుగా వెలువడిన ‘కన్ఫెషన్స్ ఆఫ్ ఎ థగ్’ అనే నవల విక్టోరియా యుగారంభంలో విశేషాదరణ పొందింది. నవల ఇంకా అచ్చు దశలో ఉండగానే రాణి విక్టోరియా ప్రూఫు పుటలను తెప్పించుకొని చదివిందని రచయిత తన ఆత్మకథలో చెప్పుకున్నాడు. ఆ రచయిత ఫిలిప్ మెడోస్ టేలర్ (1808-1876). ఇంగ్లండులో పుట్టినా అతని జీవితంలో అధికభాగం నిజాం రాజ్యంలోనే గడిచింది. దక్కన్ చరిత్రను పరిశీలించేవారికి అతడు తరచుగా సాక్షిగా ఎదురవుతాడు. అయితే ఆ సాక్ష్యాన్ని ఏ మేరకు, ఏ విషయంలో స్వీకరించాలన్నది ఇప్పటికీ పరిష్కారం కాని ప్రశ్న.

టేలర్ లివర్‌పూల్‌లో జన్మించాడు. పదిహేనేళ్ల వయసులో బొంబాయిలోని ఒక వర్తకుని వద్ద పనికి పంపబడ్డాడు. తీరా చేరాక ఆ వ్యాపారం ఆశించినంత గొప్పది కాదని తేలింది. 1824లో బంధువుల సహాయంతో నిజాం సైన్యంలో ఉద్యోగం సంపాదించాడు. ఈ సంగతి ముఖ్యమైనది. అతడు ఈస్టిండియా కంపెనీ ఉద్యోగి కాడు, నిజాం కొలువులోని ఆంగ్లేయుడు. కంపెనీ అధికారులకున్న హోదా, పదోన్నతి అతనికి లేవు. ఆ లోటు అతడిని జీవితాంతం బాధించింది. స్థానిక భాషలను శ్రద్ధగా నేర్వడానికీ, స్థానిక సమాజంతో సన్నిహితంగా మెలగడానికీ ఈ స్థితి కూడా ఒక కారణమై ఉండవచ్చు. అతని భార్య మేరీ, హైదరాబాదులో ప్రసిద్ధుడైన వడ్డీవ్యాపారి విలియం పామర్ కుమార్తె. పామర్ తల్లి ఫైజ్ బక్ష్ భారతీయ ముస్లిం కులీన స్త్రీ. అందువల్ల టేలర్ కుటుంబమే ఆంగ్ల, భారతీయ సమాజాల సంధిలో నిలిచిన కుటుంబం.

యౌవనంలో పోలీసు విధుల్లో ఉండగా, దారులలో బాటసారులు మాయమవుతున్నారన్న వార్తలను టేలర్ ఆరా తీయసాగాడు. అంతలో అతడిని తిరిగి సైనిక విధులకు పిలిపించారు. థగ్గుల నిర్మూలన కీర్తి తరువాత విలియం స్లీమన్‌కు దక్కింది. తాను ముందే ఆ రహస్యాన్ని ఛేదించి ఉండేవాడిననే విచారం ఆత్మకథలో దాగలేదు. నవల ఒక విధంగా ఆ చేజారిన అవకాశానికి పరిహారం.

ఈ నవల నిర్మాణం గమనించదగినది. అమీర్ అలీ అనే థగ్గు ప్రాణభిక్ష పొంది ‘అప్రూవర్’గా మారి, తన హత్యలను ఎదుట కూర్చున్న సాహెబుకు వినిపిస్తాడు. ఇది కేవలం కథాశిల్పం కాదు, నాటి న్యాయ ప్రక్రియ స్వరూపం. థగ్గులపై విచారణలు ప్రధానంగా అప్రూవర్ల వాంగ్మూలాల మీదనే నడిచాయి. 1836 నాటి 30వ చట్టం ప్రకారం ఫలానా హత్య చేశాడని రుజువు కానక్కరలేదు, థగ్గుల ముఠాకు చెందినవాడని రుజువైతే చాలు, యావజ్జీవ శిక్ష పడేది. ఇటువంటి వ్యవస్థలో అప్రూవర్ ఎంత ఎక్కువ చెబితే, ఎందరి పేర్లు వెల్లడిస్తే, అతని ప్రాణానికి అంత భద్రత. ప్రశ్న వేసేవాడు వినదలచినదే జవాబుగా రావడానికి ఇంతకన్న అనువైన ఏర్పాటు మరొకటి ఉండదు.

నవలలో కల్పన స్వల్పమనీ, సంఘటనలను కలపడానికీ, కథను ఆసక్తికరం చేయడానికీ మాత్రమే దానిని వాడాననీ టేలర్ పీఠికలో ప్రకటించాడు. అమీర్ అలీ 719 హత్యలలో పాల్గొన్నట్లు ఒప్పుకున్నాడని కూడా రాశాడు. కాని కథలో అమీర్ అలీ చిన్ననాట తల్లిదండ్రులను చంపిన థగ్గు చేతిలోనే పెరుగుతాడు. పెద్దవాడై తెలియక సొంత చెల్లెలినే హతమారుస్తాడు. ఇది న్యాయస్థానపు దస్తావేజు కాదు, నాటి ఆంగ్ల పాఠకుడు మెచ్చే కరుణభయానక కథ. పీఠికలోని హామీ మాత్రం పాఠకుల మనసులో నిలిచిపోయింది. కల్పన ఏదో, రికార్డు ఏదో విడదీయకుండానే తరువాతి తరాల పాఠకులెందరో దీనిని థగ్గుల చరిత్రగా చదివారు. రాధికా సింఘా, కిమ్ వాగ్నర్ వంటి చరిత్రకారులు ఈ వాంగ్మూలాలను వలస పాలన నేపథ్యంలో పునఃపరిశీలించారు. దారిదోపిడీ హత్యలు జరగలేదని వారి వాదన కాదు. దేశమంతటా వ్యాపించిన ఒకే మతరహస్య కూటమి అనే చిత్రం ఎలా తయారైందన్నదే వారి ప్రశ్న. ఆ దృష్టితో చూస్తే టేలర్ నవల థగ్గుల జీవితానికన్న, థగ్గులను విన్న అధికారి చెవికి మెరుగైన ఆధారం.

‘టిప్పు సుల్తాన్’ (1840) తరువాత టేలర్ నవలా రచన రెండు దశాబ్దాలకు పైగా ఆగింది. మలిదశలో ‘తారా’ (1863), ‘రాల్ఫ్ డార్నెల్’ (1865), ‘సీత’ (1872) వరుసగా 1657, 1757, 1857 సంవత్సరాలను నేపథ్యంగా గ్రహించాయి. చాంద్ బీబీ కథ ‘ఎ నోబుల్ క్వీన్’ మరణానంతరం 1878లో వచ్చింది. వీటిలో ‘సీత’ ప్రత్యేకం. ఒక ఆంగ్ల అధికారి హిందూ వితంతువును వివాహమాడటం, అదీ 1857 గాయాలు మానని కాలంలో, సాహసమే. అయినా సీత భర్తను కాపాడబోయి మరణిస్తుంది, అతడు ఆంగ్ల యువతిని పెళ్లాడతాడు. పామర్ ఇంటి అల్లుడికి కూడా ఆ దాంపత్యాన్ని కథాంతం వరకు నిలపడం సాధ్యం కాలేదు.

టేలర్ అధికార జీవితంలో ప్రధాన ఘట్టం సురపురం (షోరాపూర్). 1841 నుంచి 1853 వరకు అక్కడి బేడర నాయక సంస్థానాన్ని, బాలరాజు వెంకటప్ప నాయకుని పేరిట, అతడు పర్యవేక్షించాడు. ఆ ప్రాంతపు రాక్షసగుళ్లను పరిశీలించి, బ్రిటన్‌లోని అటువంటి కట్టడాలతో పోల్చి వ్యాసాలు రాశాడు. బాలరాజు అతడిని ‘అప్పా’ అని పిలిచేవాడు. 1858లో అదే వెంకటప్ప బ్రిటిషువారిపై తిరగబడి పట్టుబడ్డాడు. మరణశిక్ష మొదట ద్వీపాంతరవాసంగా, తరువాత నాలుగేళ్ల కోట నిర్బంధంగా తగ్గింది. మద్రాసు వైపు తరలిస్తుండగా కాపలా అధికారి రివాల్వరుతో కాల్చుకొని మరణించాడని టేలర్ కథనం. 1860లో ఆ సంస్థానం నిజాంకు దక్కింది.

ఈ ఘట్టం 1877లో అచ్చయిన ‘ది స్టోరీ ఆఫ్ మై లైఫ్’లో ఎలా చెప్పబడిందో చూడాలి. రాజు ఇరవై నాలుగవ ఏట మరణిస్తాడని జాతకం ముందే చెప్పిందనీ, ఆ రహస్యం తనకు ఎప్పుడో తెలుసుననీ టేలర్ రాస్తాడు. చెరలోని రాజు ‘అప్పా’ అంటూ తనను పట్టుకొని విలపించి, తప్పు ఒప్పుకొంటాడు. ఇక్కడా ఒక బందీ మాట్లాడుతున్నాడు, ఒక సాహెబు వింటున్నాడు. తిరుగుబాటుకు దారితీసిన పాలనా కారణాలు జాతకం నీడలో వెనక్కి పోతాయి. వెంకటప్ప స్వయంగా రాసుకున్న కథనం లేని చోట, ఈ పుటలే సురపురం తిరుగుబాటుకు మూలాధారంగా పదేపదే ఉదాహరింపబడుతున్నాయి.