గురులఘువులు, ఒంటెలు, పూర్ణవర్గము

తెలుగు పండితునికి బీజగణితముతో ఏమి పని అని మీరు అడుగవచ్చును. నూజివీడు ప్రాంతపు బడులలో ఛందస్సు చెప్పి పదవీవిరమణ చేసినవాడను. అయితే a, b ల మొత్తమును వర్గము చేయమంటే a²+b² అని వ్రాసి 2ab ని గాలికి వదిలే పిల్లలను ఏళ్ల తరబడి చూచితిని. ఆ పోయిన రెండును మా ప్రస్తారములో చూపించవచ్చును. రెండక్షరముల ప్రస్తారము వేయండి: గగ, లగ, గల, లల. మొదటిదీ చివరిదీ వర్గములు. నడుమ ఉన్న వగణము, హగణము రెండింటిలోనూ ఒక గురువు, ఒక లఘువు. వరుస మారినది గాని సరుకు మారలేదు. కనుక ఒకటి, రెండు, ఒకటి. మేరుప్రస్తారములో ఇది ఒక వరుస. పదవ శతాబ్దిలో హలాయుధుడు పింగళుని సూత్రములకు వ్యాఖ్య వ్రాస్తూ దీనిని వివరించినాడు.

తోటవారికి ఇంకొక తీరున చెప్పవచ్చును. పది వరుసలు, వరుసకు పది చెట్లు, మొత్తం నూరు. రెండు ప్రక్కల రెండేసి వరుసలు పెంచితే ఒక ప్రక్క ఇరవై, మరొక ప్రక్క ఇరవై, మూలను నాలుగు, మొత్తం 144. మూల నాలుగింటిని మరచిన తోట మూల తెగిన చతురస్రమే.

త్రిపదిని చూచి దాని మూలమును పట్టుట దీనికి విలోమక్రియ. క్రీ.శ. 850 ప్రాంతములో, రాష్ట్రకూట నృపతుంగ అమోఘవర్షుని కాలమున, జైనుడైన మహావీరాచార్యుడు సంస్కృతమున గణితసారసంగ్రహము రచించినాడు. అందులో ఒంటెల లెక్క ఒకటి నాకు మిక్కిలి ఇష్టము. మందలో నాలుగవ వంతు అడవిలో కనబడినది, మంద వర్గమూలమునకు రెట్టింపు కొండచరియలకు పోయినది, పదునైదు ఒంటెలు ఏటిగట్టున మిగిలినవి. మంద ఎంత?

వర్గమూలమును y అనుకొంటే మంద y². లెక్కను సర్దితే 3y² − 8y = 60. మూడుతో గుణిస్తే 9y² − 24y = 180. ఎడమ ప్రక్క ఏదో కొరవడినది. పదహారు కలపండి: 9y² − 24y + 16 = 196. ఇప్పుడు ఎడమ ప్రక్క పూర్ణవర్గ త్రిపది; 3y − 4 దాని మూలము. 196 కు మూలము 14. y = 6, మంద 36. సరిచూచుకొనండి: 9, 12, 15. మూలము −14 అనుకొంటే y ఋణభిన్నమగును, అట్టి మంద ఏ అడవిలోనూ ఉండదు. మహావీరుని సూత్రములో అక్షరములూ సమీకరణములూ లేవు, మాటలలో చెప్పిన క్రియ మాత్రమే ఉన్నది. కాని చేసే పని ఇదే. ఋణరాశి స్వభావరీత్యా వర్గము కాదు గనుక దానికి వర్గమూలము లేదని కూడా ఆయనే స్పష్టముగా చెప్పినాడు.

ఈ గ్రంథమును తెలుగు పద్యములలోకి తెచ్చినవాడు పావులూరి మల్లన. ఆయన రాజరాజనరేంద్రుని కాలపువాడని కొందరు, తరువాతి తరమువాడని మరికొందరు. కాలము ఏదైనా, తెలుగులో తొలి శాస్త్రగ్రంథముగా దీనినే చెప్పుకొంటాము. జైన ఉదాహరణలు కొన్నింటిని తీసి శైవమునకు అనువైనవి చేర్చినాడు. చదరంగపు అరువది నాలుగు గళ్లలో గడిగడికి రెట్టింపు చేస్తే వచ్చే మొత్తమును, అనగా 18446744073709551615 ను, శశి ఒకటి, వేదములు నాలుగు, శరములు ఐదు అనే సంకేతములతో ఒకే పద్యములో ఒకట్ల స్థానము నుండి కూర్చినాడు. ఇరువది స్థానములు, యతిప్రాసలు చెడలేదు! ఈ సంఖ్యకు ఒకటి కలిపితే అది 2³² కు వర్గము.

నన్నయను ఒక తరగతిలోనూ, లెక్కలను వేరొక తరగతిలోనూ పెట్టి, మల్లనను మాత్రము సాహిత్య చరిత్రలో ఒక్క పంక్తితో సరిపెట్టినారు. లెక్కల పుస్తకమువారు ఆయనను కవి అనుకొన్నారు, మా పండితులు గణకుడనుకొన్నారు. నాకు ఇది అన్యాయముగానే తోచును. మహావీరుని పుస్తకములోనే మామిడిపండ్ల లెక్క కూడా ఉన్నది, మా ఊరివారి కోసము చెప్పి తీరవలెను. పండ్లలో ఆరవ వంతు రాజు, మిగిలినదానిలో ఐదవ వంతు రాణి, ఆపై మిగిలినదానిలో క్రమముగా నాలుగవ, మూడవ, రెండవ వంతులు ముగ్గురు రాకుమారులు తీసికొనగా, చిన్నవానికి మూడు పండ్లు మిగిలినవి. మొత్తము పదునెనిమిది పండ్లు. అందరికీ తలా మూడు.