తెలంగాణ రైతాంగ సాయుధ పోరాటం (1946–51): కారణాలు, సామాజిక ఫలితాలు

ఉపోద్ఘాతం

తెలుగు క్రైస్తవులకు ‘సంఘం’ అంటే ఆరాధనకు కూడుకొనే విశ్వాసుల సమూహం. 1940వ దశకంలో నల్లగొండ, వరంగల్ జిల్లాల పల్లెల్లో ఈ మాటకు మరొక అర్థం కూడా ఉండేది. ఆంధ్ర మహాసభను గ్రామస్థులు ‘సంఘం’ అని పిలిచేవారు. ‘సంఘపోళ్లు వచ్చిండ్రు’ అంటే గడీలో కలవరం, కూలివాడలో ధైర్యం.

ఈ రెండు సంఘాలూ చాలా చోట్ల ఒకే వాడకు చేరాయి. అప్పటి వరంగల్ జిల్లాలోని దోర్నకల్ కేంద్రంగా 1912 నుండి 1945లో తాను మరణించే వరకు బిషప్ అజరయ్య నడిపించిన అధ్యక్ష ఖండంలో అత్యధికులు మాల, మాదిగ కుటుంబాలవారు. నల్లగొండలో రష్యా నుండి వచ్చిన మెన్నోనైట్ మిషనరీ అబ్రహాం ఫ్రీసన్ 1890 ప్రాంతంలోనే అమెరికన్ బాప్టిస్టు మిషన్ పక్షాన పరిచర్య ఆరంభించారు. కాబట్టి ఈ పోరాట చరిత్ర మన సంఘ చరిత్రకు వెలుపలిది కాదు.

ఈ పోరాటాన్ని కొందరు కేవలం నాస్తిక సిద్ధాంతపు తిరుగుబాటుగా కొట్టివేస్తారు. మరికొందరు దానిలో ఏ లోపమూ లేదన్నట్లు కీర్తిస్తారు. ఈ రెండు ధోరణులనూ ప్రక్కన పెట్టి, ప్రజలు ఎందుకు లేచారో, చివరికి ఎవరికి ఏమి మిగిలిందో ఈ వ్యాసంలో పరిశీలిద్దాం.

1. భూమి ఎవరి చేతిలో ఉండేది?

నిజాం పాలిత హైదరాబాద్ రాజ్యంలో దాదాపు 60 శాతం భూమి దివానీ, అనగా ప్రభుత్వానికి నేరుగా శిస్తు చెల్లించే భూమి. సుమారు 30 శాతం జాగీర్దారుల క్రింద, 10 శాతం నిజాం సొంత ఖర్చులకై కేటాయించిన సర్ఫ్-ఎ-ఖాస్ క్రింద ఉండేది. దివానీ భూమి పేరుకు రైతుదే గాని, వాస్తవం వేరు. పూర్వం శిస్తు వసూలు చేసిన దేశ్‌ముఖ్, దేశ్‌పాండే కుటుంబాలు 19వ శతాబ్దపు రెవెన్యూ సంస్కరణల సమయంలో వేలాది ఎకరాలను తమ పేర వ్రాయించుకున్నాయి. పటేల్, పట్వారీ వారి మాట జవదాటరు. చదువురాని రైతుకు తన పొలం ఎవరి పేర ఉన్నదో తెలిసే మార్గమే లేదు.

పుచ్చలపల్లి సుందరయ్య 1972లో వెలువడిన తన గ్రంథంలో విసునూరు దేశ్‌ముఖ్‌కు 40,000 ఎకరాలు, సూర్యాపేట ప్రాంతపు జన్నారెడ్డి ప్రతాపరెడ్డి కుటుంబానికి లక్షా యాభైవేల ఎకరాలు ఉండేవని పేర్కొన్నారు. 1929 తరువాతి ఆర్థిక మాంద్యంలో పంట ధరలు పడిపోగా, అప్పు తీర్చలేని చిన్న రైతుల పొలాలు షావుకార్ల, భూస్వాముల చేతికి పోయాయి. నిన్నటి పట్టాదారు నేడు కౌలుదారు, రేపు కూలివాడు అయ్యాడు. రెండవ ప్రపంచ యుద్ధకాలంలో వచ్చిన లెవీ ధాన్యం వసూలు ఈ గాయంపై కారం చల్లినట్లయింది. దొర గాదె నిండుగా ఉండగా, పేదవాని ఇంటి గింజలను అధికారులు కొలుచుకొని పోయారు.

2. వెట్టి

భూమి పోవడం కంటే లోతుగా గుచ్చుకున్నది వెట్టిచాకిరి. మాదిగ కుటుంబం దొరకు చెప్పులు కుట్టాలి, మోటకు తోలు సామాను ఇవ్వాలి, మూటలు మోయాలి, ఊరూరికీ కబురు మోయాలి. చాకలి, మంగలి, కుమ్మరి, గొల్ల, సాలె, గౌడ కులాలకు కూడా తమ తమ వంతు ఉండేది. దొర పొలంలో నాటు పూర్తయ్యే వరకు తమ పొలం ముట్టరాదు. తండ్రి చేసిన చిన్న అప్పుకు కొడుకు, మనుమడు జీతగాళ్లుగా మిగిలిపోయేవారు. ఈ ‘భగేలా’ పద్ధతిని అదుపు చేయుటకు 1936లో ప్రభుత్వం ఒక శాసనం చేసినా, దానిని అమలుపరచవలసినవారు దొర మనుషులే కావడం వలన అది కాగితానికే పరిమితమైంది. ‘బాంచెన్ దొరా, కాల్మొక్తా’ అన్న మాట మర్యాదగా కాక, మనిషి తనను తాను చూచుకొనే తీరుగా మారిపోయింది.

మిషన్ ఈ వాడకు బడిని, వైద్యాన్ని, కొత్త పేరును తెచ్చింది. ఇది చిన్న మేలు కాదు. అయితే పట్టా ఎవరి పేర ఉండాలో నిర్ణయించే అధికారం మిషన్‌కు లేదు. ఆదివారం కొత్త పేరుతో పిలువబడినవాడే సోమవారం తిరిగి వెట్టికి పోవలసి వచ్చేది. ఈ ఖాళీలోనికే రెండవ సంఘం ప్రవేశించింది.

3. సంఘం నుండి సాయుధ దళం వరకు

ఆంధ్ర మహాసభ 1930లో జోగిపేటలో సురవరం ప్రతాపరెడ్డి అధ్యక్షతన తొలి మహాసభ జరుపుకున్నప్పుడు అది తెలుగు భాషా సంస్కృతులకై పాటుపడిన విద్యావంతుల వేదిక. 1944 భువనగిరి మహాసభలో రావి నారాయణరెడ్డి అధ్యక్షులు కావడంతో మితవాదులు విడిపోయారు. సభ కమ్యూనిస్టుల నాయకత్వంలోనికి వచ్చింది. అప్పటి నుండి వెట్టి రద్దు, అక్రమ బేదఖళ్ల నిలుపుదల, లెవీ బాధల నివారణ దాని ముఖ్య నినాదాలయ్యాయి. గ్రామస్థులు సిద్ధాంత గ్రంథాలు చదివి సంఘంలో చేరలేదు. వెట్టికి పోనక్కరలేదని చెప్పినందుకు చేరారు.

పాలకుర్తిలో చాకలి కులస్థురాలు ఐలమ్మ కౌలుకు చేసిన పొలంలోని పంటను విసునూరు దొర మనుషులు కోసుకొనిపోవ ప్రయత్నించగా, సంఘం ఆమె ప్రక్కన నిలిచి పంటను ఇల్లు చేర్చింది. 1946 జూలై 4న కడవెండిలో దొర మనుషుల కాల్పులలో దొడ్డి కొమరయ్య మరణించారు. గుత్పలతో మొదలైన ప్రతిఘటన అక్కడ మలుపు తిరిగింది. 1947 సెప్టెంబర్ 11న రావి నారాయణరెడ్డి, బద్దం ఎల్లారెడ్డి, మఖ్దూం మొహియుద్దీన్ సాయుధ పోరాటానికి పిలుపునిచ్చారు. మరొక ప్రక్క కాసిం రజ్వీ నాయకత్వంలోని రజాకార్లు గ్రామాలపై దాడులు సాగించారు. 1948 ఆగస్టు 27న బైరాన్‌పల్లిలో జరిగిన ఊచకోత వాటిలో అతి ఘోరమైనది.

1948 సెప్టెంబర్ 13న భారత సైన్యం ప్రవేశించింది. 17న నిజాం లొంగిపోయారు. ఇక్కడ ఉద్యమం చీలింది. నిజాం పోయాడు గనుక ఆయుధాలు దించాలని రావి నారాయణరెడ్డి వంటివారు భావించారు. సైన్యం వెంట దొరలు తిరిగి వస్తున్నారు గనుక భూమిని కాపాడుకోవాలని ఇతరులు వాదించారు. పోరాటం కొనసాగింది గాని, సంపన్న రైతులు చాలావరకు తప్పుకున్నారు. మిగిలిన దళాలు గోదావరి అడవులకు తరలగా, కోయగూడేలను ఖాళీ చేయించి వారిని శిబిరాలలో ఉంచడం జరిగింది. చివరకు 1951 అక్టోబర్ 21న పార్టీ పోరాటాన్ని విరమించింది.

4. సామాజిక ఫలితాలు

(అ) మూల్యం: సుందరయ్య లెక్క ప్రకారం పోరాటం సుమారు 3,000 గ్రామాలకు వ్యాపించింది; పది లక్షల ఎకరాలు పంచబడ్డాయి; 4,000 మంది ప్రాణాలు కోల్పోయారు; పదివేలకు పైగా నిర్బంధింపబడ్డారు. ఇవి ఉద్యమ పక్షపు లెక్కలని గుర్తుంచుకోవాలి. దళాల చేతుల్లో కూడా భూస్వాములు, ఇన్ఫార్మర్లని అనుమానింపబడినవారు మరణించారు. ఆ కుటుంబాల దుఃఖం కూడా ఈ చరిత్రలో భాగమే.

(ఆ) భూమి: 1949 ఆగస్టులో జాగీర్దారీ రద్దయింది. 1950లో కౌలుదారీ చట్టం వచ్చింది. 1951 ఏప్రిల్ 18న పోచంపల్లిలో హరిజనులు 80 ఎకరాలు అడుగగా, వెదిరె రామచంద్రారెడ్డి 100 ఎకరాలు ఇచ్చారు; వినోబా భావే భూదానోద్యమం అక్కడే పుట్టింది. పోరాటపు ఒత్తిడి లేకుండా ఇవి ఇంత త్వరగా జరిగేవని చెప్పలేము. అయితే పంచబడిన భూమిలో చాలా భాగం తిరిగి దొరలకు చేరింది. అంతేకాక, ఉద్యమం మొదట పెట్టిన పరిమితి 500 ఎకరాలు. తరువాతనే అది తగ్గింది. ఇట్టి పరిమితి సంపన్న రైతును తాకలేదని సామాజిక శాస్త్రవేత్త డి. ఎన్. ధనగరే ఎత్తి చూపారు. మొదటి నుండీ భూమిలేని మాల, మాదిగ కూలీకి అన్నిటికంటే తక్కువ మిగిలింది.

(ఇ) స్త్రీలు: మల్లు స్వరాజ్యం వంటివారు దళాలను నడిపించారు. పోరాటం ముగిశాక మాత్రం అనేకులను తిరిగి ఇంటికి పొమ్మన్నారు. 1986లో స్త్రీశక్తి సంఘటన వెలువరించిన ‘మనకు తెలియని మన చరిత్ర’ ఈ ఆవేదనను వారి నోటనే వినిపించింది.

(ఈ) వెట్టి: శాశ్వతంగా నిలిచిన ఫలితం ఇదే. నల్లగొండ, వరంగల్ పల్లెల్లో దొర తిరిగి వచ్చినా పాత వెట్టిని తిరిగి తేలేకపోయాడు. 1952 ఎన్నికలలో రావి నారాయణరెడ్డిని నల్లగొండ ప్రజలు దేశంలోనే అత్యధిక ఓట్లతో పార్లమెంటుకు పంపారు. ఆ పోరాటం అంత బలంగా పాకని ఉత్తర తెలంగాణలో వెట్టి మరొక తరం వరకు సాగింది. 1978 నాటి జగిత్యాల జైత్రయాత్ర అక్కడి నుండే లేచింది. ఒకచోట పరిష్కరింపబడని ప్రశ్న మరొకచోట తిరిగి తుపాకీ పట్టింది.

ముగింపు

పై పరిశీలన వలన తేలేది ఇది: ఈ తిరుగుబాటుకు సిద్ధాంతం భాషను ఇచ్చింది, కారణాన్ని మాత్రం వెట్టి, అప్పు, భూమి ఇచ్చాయి. ఆయుధం భయాన్ని పోగొట్టింది గాని, అందరికంటే క్రిందనున్నవానికి భూమిని నిలిపి ఇవ్వలేకపోయింది.

నెహెమ్యా గ్రంథం 5వ అధ్యాయం బోధించే కాపరికి ఇవి కొత్త విషయాలు కావు. తాకట్టు పడిన పొలాలు, వడ్డీ, దాసత్వానికి పోయిన పిల్లలు అక్కడ కూడా ఉన్నారు. అక్కడ అధిపతి ఆ మొర విన్నాడు. పొలాలు తిరిగి ఇప్పించాడు. తెలంగాణలో ఆ మొర ఎవరు, ఎంత ఆలస్యంగా విన్నారన్నదే మన ముందున్న ప్రశ్న.

ఆ కాలాన్ని కన్నులారా చూచిన తరం దాదాపు గతించింది. మిగిలినవి సంఘాల రిజిస్టర్లు, కమిటీ మినిట్సు, పాత ఉత్తరాలు. ఆ ప్రాంతంలో సేవ చేయుచున్న కాపరులు, పరిశోధనాంశం కొరకు వెదకుచున్న విద్యార్థులు 1946–51 మధ్య తమ సంఘ పుస్తకాలలో ఏమి వ్రాయబడిందో, ఏమి వ్రాయకుండా విడువబడిందో చూడవలసియున్నది. ఒకే వాడలో రెండు సంఘాలు ఒకదానినొకటి ఎలా చూచుకున్నాయో ఆ పుటలే చెప్పగలవు.