చెరువు కాని చెరువు

మన దేశంలో అణుశక్తి చరిత్ర ఇంతవరకు ఉత్పత్తి చరిత్రగానే సాగింది. ఏ సంవత్సరంలో ఏ గని తెరిచారు, ఎన్ని టన్నుల ఖనిజం తీశారు, ఎన్ని మెగావాట్లు సాధించారు అన్న లెక్కలే అందులో కనిపిస్తాయి. ఉత్పత్తి ముగిశాక మిగిలినదానికి మాత్రం చరిత్ర లేదు. దానికి ‘వ్యర్థం’ అని పేరు పెట్టి, గనితోబాటు చరిత్ర గ్రంథం వెలుపల కూడా పారవేశారు. ఆ వ్యర్థాన్ని చరిత్రలోకి తీసుకురావడం ఎవరి పని? రాయలసీమ రచయితలకు యీ ప్రశ్న దూరపుది కాదు.

పుట్టపర్తి ప్రక్కనుంచి పారే చిత్రావతి ఏడాదిలో అధిక భాగం ఇసుకే. ఏటా సుమారు 550 మిల్లీమీటర్ల వానతో బతికే యీ పీఠభూమిలో చెరువే నాగరికత. దగ్గరలోనే వున్న విజయనగర కాలపు బుక్కపట్నం చెరువు అందుకు సాక్ష్యం. చిత్రావతి ధర్మవరం దాటి, పార్నపల్లె జలాశయం చేరుతుంది. అక్కడి నీరు పులివెందుల ప్రాంతానికి ఆధారం. ఆ ప్రాంతంలోనే, వేముల మండలంలో, తుమ్మలపల్లె యురేనియం గని వున్నది.

గని దగ్గరకు వెళ్ళేముందు అదే కడప జిల్లాలోని మరొక ఊరిని తలుచుకోవాలి. పోరుమామిళ్ళలో 1369 నాటి సంస్కృత శాసనం వున్నది. బుక్కరాయల కుమారుడు భాస్కరుడు వెయ్యిమంది కూలీలతో, వంద బండ్లతో, రెండేళ్ళపాటు అక్కడ చెరువు కట్టించాడు. మంచి చెరువుకు కావలసిన పన్నెండు అంగాలను, చెరువుకు రాగల ఆరు దోషాలను ఆ శాసనం పేర్కొంటుంది. కట్టనుంచి నీరు ఊరిపోవడం ఒక దోషం. చవిటి నేల మరొక దోషం. రాజుల కీర్తి చెప్పే శాసనం కూడా లోపాల జాబితాను రాతిమీద చెక్కించి, ఊరిజనం కళ్ళముందు నిలిపిందన్నది ఇక్కడ ముఖ్యం.

ఇప్పుడు తుమ్మలపల్లె చూద్దాం. 1967లో ఏర్పడిన ప్రభుత్వరంగ సంస్థ యురేనియం కార్పొరేషన్ ఇక్కడ 2006 సెప్టెంబరులో ప్రజాభిప్రాయ సేకరణ జరిపింది. 2007 నవంబరులో శంకుస్థాపన, 2012 ఏప్రిల్‌లో ప్రారంభం. రోజుకు 3000 టన్నుల రాయిని శుద్ధి చేసే సామర్థ్యంతో మిల్లు నిర్మించారు. అయితే వెయ్యి కిలోల రాతిలో యురేనియం అరకిలో కూడా వుండదు. రాయి సున్నపుజాతిది కాబట్టి ఆమ్లం పనిచేయదు. రాతిని పొడిచేసి, సోడాక్షారాలతో, వేడితో, ఒత్తిడితో యురేనియాన్ని కరిగించి లాగుతారు. పసుపుపచ్చని పదార్థం హైదరాబాదులోని అణు ఇంధన కర్మాగారానికి పోతుంది. మిగిలిన బురద దాదాపు మొత్తం ఊళ్ళ ప్రక్కన కట్టిన మడుగులోకి పోతుంది.

యురేనియం పోయింది గనుక ఆ బురద నిరపాయకరం అనుకోరాదు. ఖనిజంలోని రేడియోధార్మికతలో సుమారు 85 శాతం అందులోనే మిగిలి వుంటుంది. థోరియం-230 సగం తరగడానికి 75 వేల ఏళ్ళు, రేడియం-226 సగం తరగడానికి 1600 ఏళ్ళు పడుతుంది. అంటే పోరుమామిళ్ళ శాసనం నేటికి ఎంత పాతదో, అంతకు రెండింతలు కాలం గడిచినా ఒక రేడియం రాశి సగానికి తరగదు. పైగా థోరియం క్షీణిస్తూ కొత్త రేడియాన్ని పుట్టిస్తూనే వుంటుంది. దీనిని శుభ్రం చేయడమంటే మాయం చేయడం కాదు. అడుగున నీరు దిగని పొర వేసి, పైన కప్పి, తరతరాలు కాపలా కాయడం.

వివాదమంతా ఆ అడుగు పొర గురించే. మబ్బుచింతలపల్లె, భూమయ్యగారిపల్లె, కొట్టాల, కనంపల్లె రైతులు బోరునీరు చెడిందనీ, అరటితోటలు మాడిపోయాయనీ, ఒంటిమీద దద్దుర్లు వస్తున్నాయనీ మొరపెట్టుకున్నారు. అనుమతి షరతుల ప్రకారం మడుగు అడుగున పొర వేయలేదన్నది ఆరోపణ. సంస్థ దానిని తోసిపుచ్చింది. యీ నేల నీటిలో యురేనియం సహజంగానే వున్నదని వాదించింది. రాతిలో వున్నది నీటిలోకి రావచ్చునన్న మాట కొట్టివేయదగినది కాదు. ఫ్లోరైడు నీరు తాగిన అనంతపురం జిల్లాకు అది తెలుసు. కాని గనికి ముందు ప్రతి బోరులో ఎంత వుండేది, తరువాత ఎంత వున్నది అన్న లెక్క రైతు చేతిలో వుంటే తప్ప, ఆ వాదం రుజువుగా కాక అధికారంగానే నిలుస్తుంది.

ఆ లెక్క రైతు చేతికి ఎందుకు రాదు? 1962 నాటి అణుశక్తి చట్టం సమాచారాన్ని గోప్యంగా వుంచే అధికారాన్ని ప్రభుత్వానికి ఇచ్చింది. జార్ఖండ్‌లోని జాదుగూడ గని వ్యర్థాలపై వేసిన ప్రజాప్రయోజన వ్యాజ్యాన్ని 2004లో సుప్రీంకోర్టు అణుశక్తి సంఘం అధ్యక్షుని ప్రమాణపత్రం ఆధారంగా కొట్టివేసింది. ఉత్పత్తి చేసేవాడే సాక్షి కూడా అయినప్పుడు, బాధితుని అనుభవం ‘అపోహ’గా మారుతుంది.

ఇది ఒక్క దేశపు కథ కాదు. 1979 జులై 16న అమెరికాలోని చర్చ్ రాక్ వద్ద ఒక ప్రైవేటు సంస్థ యురేనియం మడుగు కట్ట తెగి, సుమారు 35 కోట్ల లీటర్ల ద్రవం నవాహో ఆదివాసుల పశువులు నీళ్ళు తాగే నదిలో కలిసింది. తూర్పు జర్మనీలో సోషలిజం పేరుతో నడచిన విస్ముట్ గనులు కూడా అలాంటి గుట్టలనే మిగిల్చాయి. 1991లో మొదలైన శుద్ధికి 600 కోట్ల యూరోలకు పైగా ఖర్చయింది. యాజమాన్యం ప్రైవేటుదా, ప్రభుత్వానిదా అన్న ప్రశ్న అవసరమే కాని, చాలదు. వ్యర్థంపై అదుపు, దాని లెక్కలు చూసే హక్కు ఎవరివి అన్నది అసలు ప్రశ్న. అభ్యుదయవాదులు యీ చేదు పాఠాన్ని దాటవేయరాదు.

రాయలసీమ కథకు కరువు ప్రధాన వస్తువు. ఆ కథలో పాత్రలు వానకోసం ఎదురుచూస్తాయి. వాన వస్తే బతుకు మలుపు తిరుగుతుంది. కాని పొరలేని మడుగు ప్రక్కన వాన పడితే, ఆ వానే విషాన్ని బావికి మోసుకుపోగలదు. కరువు ఒక ఏడాదిది. యీ మడుగు వేల ఏళ్ళది. కాబట్టి పాత కరువు కథ చట్రంలో యిది ఇమడదు. ‘చెరువు’ అన్న తెలుగు మాటనే కాపాడుకోవలసి వున్నది. దానికి అన్నం పెట్టే గుణం వున్నది. ‘టెయిలింగ్ పాండు’ను చెరువు అని అనువదించిన క్షణాన మన భాష కూడా ఆ బురదను కప్పిపెట్టడానికి ఉపయోగపడుతుంది.

1369లో దోషాలను రాతిమీద చెక్కారు. తుమ్మలపల్లె మడుగు దోషాలను ఊళ్ళో నిలబడి చదువుకోగల శాసనం యింకా లేదు. ఆ ఊళ్ళ మనుషులు చెప్పేది విని, తేదీలతో, కొలతలతో, వారి మాటలతో నమోదు చేయడం నేడు సాహిత్యకారుని పనిలో భాగం.