లండన్‌కి ఒక పోలీసు, మనకి ఇంకొకటి

లండన్‌లో బీటు తిరిగే పోలీసు దగ్గర ఇప్పటికీ మామూలుగా తుపాకీ ఉండదు. ఇది ఊరికే వచ్చిన అలవాటు కాదు.

1829లో హోం మంత్రి రాబర్ట్ పీల్ మెట్రోపాలిటన్ పోలీసుని పెట్టినప్పుడు, వీధుల్లోకి సైన్యాన్ని దింపుతున్నారేమోనని జనం భయపడ్డారు. అందుకే సైనికుల ఎర్రకోటు కాకుండా నీలంకోటు, తుపాకీ బదులు చెక్క లాఠీ ఇచ్చారు. తప్పు చేస్తే ఎవరో తెలియాలి కదా, కాలరు మీద నంబరు పెట్టారు. కమిషనర్లుగా ఇద్దరిని వేశారు: సైనికాధికారి చార్లెస్ రోవన్, లాయరు రిచర్డ్ మేన్. ఆఫీసు వెనక గుమ్మం గ్రేట్ స్కాట్లండ్ యార్డ్ అనే వీధివైపు ఉండేది. ఆ పేరే స్థిరపడింది. పీల్ పేరులోని రాబర్ట్ నుంచి పోలీసులకి ‘బాబీ’ అన్న ముద్దుపేరూ వచ్చింది.

మరి మనకో? బ్రిటిష్ ఇండియాకి 1861లో తెచ్చిన పోలీసు చట్టానికి నమూనా ఎక్కువగా ఐర్లండ్ కాన్‌స్టాబ్యులరీ. అది ఆయుధాలతో బ్యారక్‌లలో ఉండి, పైవాళ్ళ హుకుం మీద నడిచే దళం. పాలకులు వాళ్ళే, కానీ సొంత జనం భయాన్ని లెక్కచేశారు. మన దగ్గర ఆ భయాన్నే వాడుకున్నారు.

పోలీస్ స్టేషన్ గడప తొక్కాలంటే మనవాళ్ళు ఇవాళ్టికీ జంకడంలో ఆ తేడాకీ వాటా ఉందనిపిస్తుంది నాకు.