గద్వాల నూలు, టెరికాట్ చొక్కా, కృష్ణ నీళ్లు

గద్వాల చీరకు ఒళ్లు నూలు, అంచూ కొంగూ పట్టు. ఈ రెంటినీ సూదితో కుట్టరు, నేతలోనే పోగుకు పోగు మెలేసి కలుపుతారు. అందుకు మూడు నాడెలు కావాలి. ఈ నేతను కుప్పడం అంటారు. గద్వాల సంస్థానం నాటి నుంచి ఈ నడిగడ్డ ప్రాంతపు చేతుల్లో ఉన్న విద్య ఇది. ఆ నూలు పాతబడితే బొంతయ్యేది, బొంత చిరిగితే మసిగుడ్డ, ఆ తర్వాత మట్టి.

1941లో ఇంగ్లండ్‌లో విన్‌ఫీల్డ్, డిక్సన్ అనే శాస్త్రవేత్తలు నేడు బట్టల్లో వాడే పాలిస్టర్‌ను కనిపెట్టారు. మన ఊళ్లకు అది టెరిలిన్, టెరికాట్ చొక్కాలుగా వచ్చింది. ఇస్త్రీ అక్కర్లేదు, ఇట్టే ఆరుతుంది, ఎన్నేళ్లయినా చిరగదు. మట్టిలో కలవని ఆ గుణమే ఇప్పుడు బెంగ పెడుతోంది.

సన్నని ప్లాస్టిక్ తునకలకు ‘మైక్రోప్లాస్టిక్’ అన్న మాటను 2004లో వాడుకలోకి తెచ్చిన శాస్త్రవేత్త రిచర్డ్ థాంప్సన్ బృందమే 2016లో మరో లెక్క తేల్చింది. 6 కిలోల పాలిస్టర్ బట్టలు ఒక్కసారి వాషింగ్ మెషిన్‌లో వేస్తే దాదాపు 5 లక్షల సన్న పోగులు ఊడతాయట. సముద్రంలోకి నేరుగా చేరే మైక్రోప్లాస్టిక్‌లో 35 శాతం ఇలా ఉతుకుల నుంచి వచ్చేదేనని ప్రకృతి పరిరక్షణ సంఘం ఐయూసీఎన్ 2017లో అంచనా కట్టింది. మన దగ్గరి సంగతి చూద్దాం. జూరాల ఆనకట్ట దాటిన కృష్ణ గద్వాల, వనపర్తి జిల్లాల మధ్యగా సాగి, నాగర్‌కర్నూల్ జిల్లాలో సోమశిల మీదుగా శ్రీశైలం జలాశయంలో కలుస్తుంది. ఆ వెనుక జలాలనే కొల్లాపూర్ దగ్గర ఎత్తి తాగునీరుగా పంపుతున్నారు. మురుగు కాల్వలో వదిలిన పోగు ఎటు పోతుందో ఎవరికి వారు ఊహించుకోవచ్చు.

ఈ బెంగతోనే ఇప్పుడు వంటింట్లో ప్లాస్టిక్ తీసేసి సిలికాన్ పెట్టుకోమంటున్నారు. మంచిదే. ఇసుకలోంచి తీసిన సిలికాన్ మూలకానికి ఆక్సిజన్‌ను గొలుసుగా కట్టి చేసే సరుకు అది. 1943లో డౌ కార్నింగ్ కంపెనీ పుట్టింది దాని తయారీకే. కుక్కర్ గాస్కెట్‌గా, పాలసీసా పీకగా 200 డిగ్రీల దాకా వేడికి తట్టుకుంటుంది, ఎండకు ప్లాస్టిక్‌లా పెళుసెక్కి పొడిపొడి కాదు. అయితే మట్టి దాన్నీ తినదు. దాని తయారీలో మిగిలే డీ4, డీ5, డీ6 రసాయనాలను యూరప్ 2018లోనే ఆందోళనకర పదార్థాల జాబితాలో చేర్చింది.

పైగా డబ్బాలు మార్చినంత మాత్రాన ఒంటి మీది బట్ట మారదు, సిలికాన్‌తో చీర నేయలేం. గద్వాల పేరుతో పాలిస్టర్ కలిపిన మరమగ్గం చీరలు అమ్ముతుంటే మనం ధర చూసి కొంటున్నాం. జరీలోనూ ప్లాస్టిక్ పొర మీద మెరుపు పూసిన చౌక రకాలున్నాయి. కొనే ముందు నూలేనా, జరీ ఏ రకం అని గట్టిగా అడగండి. ఆ రెండు ప్రశ్నలకు నేతగాడి దగ్గర జవాబు ఉంటుంది.