రెండో పెళ్లి కేసులో మన ఆచారం ఎవరు నిరూపించాలి?

కొంచెం పెద్ద పోస్టు, ఓపిగ్గా చదవండి.

"మొదటి పెళ్లాం ఉండగా ఇంకో పెళ్లి చేసుకుంటే జైలే" అనే మాట మన తండాల్లో, యానాది కాలనీల్లో, ఎరుకల వాడల్లో అందరం వింటూనే ఉంటాం. హిందువుల విషయంలో అది సగం నిజం. మన విషయంలో ఆ సగం కూడా లేదు.

కృష్ణా జిల్లా మద్రాసులో ఉన్న రోజుల్లోనే, 1949లో, హిందువులు భార్య ఉండగా రెండో పెళ్లి చేసుకోకూడదని అక్కడ చట్టం వచ్చింది. దాని స్థానంలో 1955లో హిందూ వివాహ చట్టం వచ్చింది. అలాంటి పెళ్లి చెల్లదని 17వ సెక్షను అంటుంది. శిక్ష మాత్రం ఐపీసీ 494 కింద, ఏడేళ్ల దాకా (ఇప్పుడు న్యాయ సంహితలో అది 82). కానీ అదే 1955 చట్టంలో 2వ సెక్షను రెండో క్లాజు చూడండి. కేంద్రం నోటిఫై చేస్తే తప్ప షెడ్యూల్డు తెగలకు ఈ చట్టం వర్తించదు. మన ఆచారాల జోలికి రాకూడదని పెట్టారు, మంచిదే. అయితే ఆ రక్షణ ఎవరికి పనికొచ్చిందో చూద్దాం.

ముందు హిందువుల సంగతి. 1965లో మహారాష్ట్ర నుంచి భావురావు లోఖండే కేసు సుప్రీంకోర్టుకి వచ్చింది. దండలు మార్చుకున్నారు, పెళ్లికొడుకు, పెళ్లికూతురు నొసళ్లు తాకించారు. ఐదేడేళ్లుగా తమలో ఇలాగే చేస్తున్నామని సాక్షులు చెప్పారు. ఐదేడేళ్ల అలవాటు ఆచారం కాదు, సరైన తంతు జరగని రెండో పెళ్లి అసలు పెళ్లే కాదు, కాబట్టి నేరమూ లేదు అంది కోర్టు. తంతు తగ్గించి చేసుకున్నోడే బయటపడ్డాడు!

మన రాష్ట్రం కేసు లింగారి ఓబులమ్మది, 1979. హోమం, సప్తపది జరిగినట్టు రుజువు కాలేదని హైకోర్టు భర్తని వదిలేసింది. తెలంగాణ రెడ్లలో ఆ రెండూ లేకుండా పెళ్లి చేసే ఆచారం ఉందన్నారు. ఉండొచ్చు, కానీ రాయలసీమలో కూడా ఉందని ఎవరూ నిరూపించలేదు అన్నారు. సుప్రీంకోర్టూ ఒప్పుకుంది. ఒకే కులం, ఒకే భాష, అయినా ప్రాంతం మారితే ఆచారం మళ్లీ మొదట్నుంచి నిరూపించాలి. ఎ.కొండూరు తండాకి, విజయవాడ ఎరుకల వాడకి, దివిసీమ యానాదులకి ఇది ఎలా వర్తిస్తుందో ఊహించుకోండి.

ఇక మన కేసు. 2001, సూరజ్‌మణి స్టెల్లా కుజూర్. ఆమె ఒరాన్, భర్త సంతాల్. ఇద్దరూ హిందూ పద్ధతులు పాటిస్తున్నారు. భర్త మళ్లీ పెళ్లి చేసుకున్నాడని ఫిర్యాదు చేసింది. తెగవాళ్లు కాబట్టి 1955 చట్టం మీకు లేదు, మీ తెగ ఆచారం రెండో పెళ్లిని చెల్లనిదిగా చేస్తుందని నువ్వే నిరూపించు అంది కోర్టు. ఆమె నిరూపించలేకపోయింది, కేసు పోయింది. అంటే మన ఆడవాళ్లు మూడు నిరూపించాలి: తన పెళ్లి ఆచారం ప్రకారం జరిగిందని, రెండోది కూడా అలాగే జరిగిందని, ఆ రెండోదాన్ని ఆచారం ఒప్పుకోదని. మూడోదే చావుదెబ్బ.

"ఊరంతా వాళ్లని మొగుడూ పెళ్లాలుగానే చూసింది" అని చెప్తే సరిపోదా అంటే, సరిపోదు. పాత సాక్ష్య చట్టం 50వ సెక్షనులోనే రాసుంది, ఈ నేరాల్లో పెళ్లి రుజువుకి ఆ అభిప్రాయం చాలదని.

మరి ఆచారం తెలిసిన సాక్షులెవరు? నాయక్, కార్‌భారి, కులపెద్దలు. చాలాసార్లు పంచాయితీలో కూర్చుని తప్పు కట్టించుకుని, "సర్దుకుపోమ్మా" అని చెప్పేదీ ఆ పెద్దలే. వాళ్లు కోర్టుకొచ్చి ఆ అమ్మాయి వైపు చెప్తారా? నాకు నమ్మకం తక్కువ. పొలం పనులకి, చేపల చెరువులకి ఊరూరా తిరిగే యానాది కుటుంబానికైతే పెళ్లి చూసినవాళ్లు దొరకడమే కష్టం.

1992లో మన రాష్ట్రం ఈ నేరంలో పోలీసులే నేరుగా కేసు కట్టేలా మార్చింది. 2011లో సుభాష్ బాబు కేసులో, మొదటి పెళ్లి దాచి మోసం చేస్తే రెండో ఆమె కూడా ఫిర్యాదు చేయొచ్చని సుప్రీంకోర్టు చెప్పింది. కేసు పెట్టడం తేలికైంది గానీ, కోర్టులో రుజువు బరువు తగ్గలేదు.

మనోవర్తి దారి వేరు. దానికి తెగ, మతం అడ్డం లేదు, పెళ్లికి అంత గట్టి రుజువూ అక్కర్లేదని 1999లోనే సుప్రీంకోర్టు అంది. జైలు సంగతి తర్వాత, ముందు పిల్లల తిండికి ఆ దారి పట్టమని నేనైతే చెప్తాను.

ఇంకొకటి. మన పెళ్లిళ్ల గురించి పుస్తకం కావాలంటే ఇప్పటికీ 1909లో థర్‌స్టన్ దొర రాసిందే తీస్తారు. సెలవులకి ఇంటికెళ్లినప్పుడు మీ అవ్వల్ని, తాతల్ని అడగండి: మన దగ్గర ఏ పని జరిగితే పెళ్లి అయినట్టు? మొదటి ఆమె ఒప్పుకోకుండా రెండో ఆమెని తెస్తే పూర్వం పంచాయితీ ఏం చేసేది? ఊరు పేరు, చెప్పినవాళ్ల వయసు, వాళ్లు చెప్పింది చెప్పినట్టు రాసి ఇక్కడ పెట్టండి.