పులుపు పుట్టే గూడు

సాల, మామిడి చెట్ల కొమ్మల్లో పచ్చి ఆకులను కలిపి గూడు కట్టుకునే ఎర్రచీమలను నూరి పచ్చడి చేసుకునే అలవాటు ఛత్తీస్‌గఢ్‌లోని బస్తర్‌లోనూ, ఒడిశాలోని మయూర్‌భంజ్‌లోనూ ఆదివాసుల ఇళ్లలో తరతరాలుగా సాగుతోంది. బస్తర్‌లో దీనిని చాప్‌డా అనీ, మయూర్‌భంజ్‌లో కాయి చట్నీ అనీ పిలుస్తారు. ఒడియాలో కాయి అన్నది ఈ చీమ పేరే. కొన్ని చీమలు ఒకదాని నడుము ఒకటి పట్టుకుని గొలుసులా సాగి ఆకు అంచులను దగ్గరకు లాగుతుండగా, మరికొన్ని తమ లార్వాలను, అంటే రెక్కలూ కాళ్లూ రాని పిల్లదశ పురుగులను, నోట కరచుకుని మగ్గంలో నాడెలాగా ఇటూ అటూ ఆడిస్తాయి. ఆ లార్వాల నోటి నుంచి వచ్చే పట్టుదారమే ఆ ఆకులను అతికిస్తుంది.

గూడు కదిలితే చీమ కరిచి, కరిచిన చోట పొట్ట చివరి నుంచి ఆమ్లం చిమ్ముతుంది. చీమలలోని ఈ ఆమ్లాన్ని గురించి ఆంగ్ల ప్రకృతి శాస్త్రజ్ఞుడు జాన్ రే 1671లోనే రాశాడు; లాటిన్‌లో చీమను ఫార్మికా అంటారు గనుక దానికి ఫార్మిక్ ఆమ్లమన్న పేరు స్థిరపడింది. గూటిని నీళ్లలో ముంచి, ఆకుల నుంచి వేరుచేసిన చీమలనూ లార్వాలనూ ఉప్పు, మిరప, అల్లం, వెల్లుల్లితో కలిపి నూరినప్పుడు చింతపండుతో పని లేకుండానే పచ్చడికి పులుపు పట్టడానికి ఆ ఆమ్లమే కారణం. తిండి దొరకని రోజుల తిండిగా దీనిని లెక్కగట్టేవారు, ఇంత మసాలా కూర్పుతో సిద్ధమై సంతలో ఆకు దొప్పల్లో అమ్ముడుపోయే పదార్థాన్ని సరిగా చూడలేదనే చెప్పాలి. తొలకరికి పుట్టల్లోంచి లేచే ఉసుళ్లను వేయించుకు తినే తెలుగు పల్లెలకు ఈ మాట విడమరచి చెప్పనక్కర్లేదు.

రాతలో మాత్రం ఈ చీమ మొదట కనిపించేది ఆహారంగా కాదు. క్రీ.శ. 304 నాటిదిగా చెప్పే ఒక చైనా వృక్షగ్రంథం, నారింజ చెట్లను పురుగుల నుంచి కాపాడేందుకు దక్షిణ ప్రాంతపు సంతల్లో చీమలను గూళ్లతో సహా అమ్మేవారని పేర్కొంది. 1775లో కీటక శాస్త్రజ్ఞుడు ఫాబ్రిసియస్ ఈ చీమకు మరకతాన్ని సూచించే లాటిన్ పేరు పెట్టాడు. ఆస్ట్రేలియాలో దీని పొట్ట పచ్చగా ఉండటంతో మన ఎర్రచీమకూ పచ్చపేరే దక్కింది. అక్కడి ఆదివాసులూ దీని పులుపును ఎరుగుదురు.

ఒక వస్తువుకూ అది పుట్టిన నేలకూ గల సంబంధాన్ని చట్టరీత్యా ఆమోదించే భౌగోళిక గుర్తింపు 2024 జనవరిలో మయూర్‌భంజ్ కాయి చట్నీకి దక్కింది. అదే చీమతో నూరే బస్తర్ చాప్‌డాకు ఆ పేరు చెల్లదు.